పద్నాలుగో గంట

"...ఐదు కాక మరెంత? ముల్లు ఎక్కడుందో నువ్వే చూడు బాబాయ్. ఐదు. నీ కళ్లకి ఆరెలా కనిపిస్తోంది?"

"నా వాచీ కూడా చూడు మరి. ఆరు దాటి రెండు నిమిషాలు. నీదానికి కీ ఇవ్వడం మరిచిపోయుంటావు."

"నిన్న రాత్రే ఇచ్చాను."

"అయితే మరీ గట్టిగా తిప్పేసుంటావు. పాపం, అదీ అలిసిపోయింది."

తొక్తోసున్ వెనక నిలబడ్డ ఎనిమిది మంది ఆక్‌జార్ వాళ్లు నవ్వారు. షెర్జోద్ నవ్వలేదు. అతని వెంట గుల్‌బాగ్ నుంచి వచ్చిన ఐదుగురూ నవ్వలేదు. అందరి భుజాల మీదా పారలున్నాయి. కాలువ దగ్గరికి వచ్చే మనిషి భుజాన పార ఉండటం మామూలే. కానీ ఆ పొద్దున ఎవరూ పార దించి దాని మీద ఆనుకుని నిలబడలేదు.

షెర్జోద్ తల్లి మస్తూరా రెండు చేతులూ తూము చక్రం మీద వేసి ఉంది. కుడి తలుపు అప్పటికే జానెడు దిగింది. కొడుకు గొంతు విని ఆమె చెయ్యి ఆగింది. ఆగిన చెయ్యి మళ్లీ తిరగలేదు.

కొండల్లోంచి వచ్చే కాలువ అక్కడ రెండు పాయలవుతుంది. ఎడమ పాయ ఆక్‌జార్‌కి, కుడి పాయ గుల్‌బాగ్‌కి. ఒక తలుపు ఎత్తితే రెండోది దించాలి. రెండు చక్రాల తాళంచెవులూ ముప్పై నాలుగేళ్లుగా మస్తూరా నడుముకు కట్టుకున్న గుడ్డసంచిలోనే ఉన్నాయి. రెండేళ్ల క్రితం వరకు ఆ రెండూళ్లదీ ఒకటే సమష్టి వ్యవసాయ క్షేత్రం, ఒకటే ఆఫీసు, ఒకటే జెండా. ఇప్పుడు ఆక్‌జార్ కిర్గిజ్‌స్థాన్‌లో ఉంది, గుల్‌బాగ్ ఉజ్బెకిస్థాన్‌లో ఉంది. తూము ఆక్‌జార్ వైపు పడింది. మస్తూరా ఇల్లు గుల్‌బాగ్ వైపు పడింది. మధ్యలో నాలుగు వందల అడుగులు, ఒక ఎండిన గొయ్యి, మొన్నటి చలికాలంలో పాతిన అడ్డకర్ర, దాని పక్కన కుర్చీ వేసుకుని కూర్చునే ఒక సైనికుడు.

కాలువ తవ్విన ఏడే ఆమె పుట్టింది. తండ్రి రెండూళ్ల జనంతో పాటు గట్టు మీద మట్టి మోస్తుంటే కూతురు పుట్టిన కబురు వచ్చిందట. తర్వాత ఆయనే మీరాబ్ అయ్యాడు. మీరాబ్ అంటే ఊరి నీళ్ల వంతు చూసే మనిషి. కట్టెపుల్ల నీడ కొలిచి వంతు మార్చేవాడు. చిన్నప్పుడు మస్తూరా ఆ పుల్ల పక్కన కూర్చుని నీడ గీత దాటగానే కేక వేసేది. అందరిలాగే పత్తి ఏరింది. పత్తి ఏరుతూనే చదివి, పట్నంలో నీటిపారుదల చదువుకు సీటు తెచ్చుకుంది. ఇరవయ్యో ఏట తండ్రి పని చేసిన తూము దగ్గరికే ఉద్యోగిగా వచ్చింది. ఆడదాని చేతికి నీళ్లా అని ఒక వేసవంతా గొణిగారు. మరుసటి వేసవికి వంతు తప్పకపోయేసరికి ఊరుకున్నారు. ట్రాక్టరు తోలే కరీముల్లాని పెళ్లి చేసుకుంది. అతను ఏడేళ్ల క్రితం గుండెనొప్పితో పోయాడు. అతని చేతి గడియారం ఆమె పెట్టుకుంటుంది. చక్రం తిప్పేటప్పుడు దెబ్బ తగులుతుందని తూము గదిలోకి రాగానే తీసి టీ డబ్బాలో వేస్తుంది.

సోవియట్ దేశం విడిపోయిన సంగతి ఆమెకు ఎవరూ చెప్పలేదు. ఆ డిసెంబరులో జీతం రాలేదు, అంతే. జనవరిలో సగం వచ్చింది. తర్వాత ఒక రోజు జిల్లా నుంచి ఇద్దరు వచ్చి తూము గది మీది రేకు బోర్డు ఊడబెరికి కొత్తది కొట్టి వెళ్లారు. ఈ మార్చిలో కాలువ పూడిక తీయడానికి ఎప్పటిలాగే రెండూళ్ల వాళ్లూ వచ్చారు. కానీ పలావు రెండు డేగిసాల్లో వండుకున్నారు. ఎవరు ముందు రెండో పొయ్యి పెట్టారో ఎవరూ అడగలేదు.

ఆ పూడిక పని అయిన రోజే గట్టు మీద కూర్చుని రెండూళ్ల పెద్దలూ కాగితం రాసుకున్నారు. నీళ్లు తగ్గే జూన్ ఒకటి నుంచి రోజు విడిచి రోజు వంతు. పొద్దున ఆరు నుంచి మరుసటి పొద్దున ఆరు దాకా. ఒకటో తారీకు గుల్‌బాగ్‌ది, రెండు ఆక్‌జార్‌ది, అలా. ఆక్‌జార్ తరఫున తొక్తోసున్ సంతకం పెట్టాడు. ఒకప్పుడు క్షేత్రంలో ఒక పని దళానికి మేస్త్రీ, ఇప్పుడు ఊరి పెద్ద. కరీముల్లా ట్రాక్టరు ఆ దళంలోదే.

ఇవాళ జూన్ ఇరవై ఎనిమిది. ఇంకో గడువు మూడు రోజుల దూరంలో ఉంది. జిల్లా ఆఫీసు మనిషి మే నెలలో వచ్చి చెప్పి వెళ్లాడు. ఈ దేశం తూము దగ్గర పని చేసేవాళ్లు ఈ దేశం వాళ్లే అయి ఉండాలట. జూలై ఒకటిలోగా కాగితం మీద సంతకం పెట్టి ఆక్‌జార్‌కి మకాం మార్చాలి, లేదా తాళంచెవులు కొత్తవాడికి అప్పగించాలి. సంతకం పెడితే గుల్‌బాగ్‌లో ఎవరెవరు ఆ ఇంట్లో ఉంటారో రాసే ఇంటి పుస్తకంలోంచి ఆమె పేరు కొట్టేస్తారు. కరీముల్లాతో కలిసి ఆ ఇంటి గోడలు కట్టుకున్న మనిషి ఆ ఇంటికి చుట్టపుచూపుగా, అడ్డకర్ర దగ్గర అడిగి వెళ్లాలి. తాళాలు ఇచ్చేస్తే, కింది ఊరి నీళ్లు ఆ ఊరి ముఖమే తెలియని వాడి చేతిలోకి పోతాయి. మస్తూరా ఇంతవరకు అవుననీ అనలేదు, కాదనీ అనలేదు. టీ పోసి పంపించింది.

"అమ్మా, నువ్వు చెప్పు," అన్నాడు షెర్జోద్. "ఇప్పుడు టైమెంత?"

ఆమె చక్రం వదలకుండానే తల తిప్పి తూము గదిలోకి చూసింది. గది తలుపు తెరిచే ఉంది. గోడ గడియారంలో ఆరు దాటి ఐదు నిమిషాలు. ఏప్రిల్‌లో ఒక రోజు జిల్లా మనిషి కుర్చీ ఎక్కి ఆ ముల్లును ఒక గంట ముందుకు జరపడం ఆమె చూసింది. ఏటా వసంతంలో దేశమంతా అలాగే జరిపేవాళ్లు. ఈ ఏడు పైనున్న కిర్గిజ్‌స్థాన్ జరిపింది, కిందున్న ఉజ్బెకిస్థాన్ జరపలేదు. ఆ సంగతి ఆమెకు తెలుసు. ఇంటి దగ్గర ఒక టైము, పని దగ్గర ఒక టైము. అదేం పెద్ద వింత కాదు. ఆ లోయలో రైళ్లు ఎప్పుడూ మాస్కో టైముకే నడిచేవి. స్టేషన్లో తెల్లవారుజాము మూడు అని రాసి ఉంటే ఊళ్లో పొద్దెక్కి ఉండేది. పుట్టినప్పటి నుంచీ రెండు టైములతో బతికిన వాళ్లకి ఒకదాన్ని ఇంకోదాని పక్కన పెట్టి చూసే అలవాటు ఉండదు.

ఇప్పుడు పక్కపక్కన పెట్టి చూసింది.

గుల్‌బాగ్ వంతు మొదలయ్యే రోజు ఆమె ఇంటి నుంచి వస్తుంది. చేతి గడియారం చూసుకుంటూ వచ్చి, ఆరవగానే కుడి తలుపు ఎత్తుతుంది. అది గుల్‌బాగ్ ఆరు. తర్వాత గదిలోకి పోయి గడియారం టీ డబ్బాలో వేస్తుంది. ఆ రాత్రి కాపలా కోసం అక్కడే పడుకుంటుంది. పొద్దున ఆక్‌జార్ వాళ్లు వచ్చి గది తలుపు కొడతారు. గోడ వైపు చూస్తుంది. ఆరు. కుడి తలుపు దించుతుంది. అది ఆక్‌జార్ ఆరు. గుల్‌బాగ్‌లో ఐదు.

తెరవడం ఒక గడియారంతో, మూయడం ఇంకోదానితో. ఇరవై నాలుగు గంటల వంతుకు ఇరవై మూడు గంటలే నీళ్లు వెళ్లాయి. జూన్ ఒకటి నుంచి ఇప్పటికి పదమూడు వంతులు అయిపోయాయి. ఇది పద్నాలుగోది.

"చెప్పవేంటి?" అన్నాడు కొడుకు.

షెర్జోద్ పొలం కుడి పాయకు చిట్టచివర ఉంది. వంతు చివరి గంటలో వచ్చే నీళ్లే ఆ చివరకు చేరతాయి. వారం నుంచి వరి ఆకులు పసుపెక్కి, మడి నెర్రెలిచ్చి, నెర్రెలో చెయ్యి దూరేంతగా ఉంది. నీళ్లు దొంగతనమవుతున్నాయని అతను మూడు రాత్రులు గట్టు పొడుగునా తిరిగి గండి కోసం వెతికాడు. గండి దొరకలేదు. ఈ పొద్దున అనుమానంతో చీకటి విడవకముందే తూము దగ్గరికి వచ్చాడు. అడ్డకర్ర దగ్గర సైనికుడు నిద్రపోతున్నాడు.

"ఏం చెబుతుందిరా?" అన్నాడు తొక్తోసున్. "తూము ఈ దేశంలో ఉంది. ఈ దేశంలో ఆరయింది. కాగితం మీద ఆరని ఉంది."

"కాగితం రాసిన నాడు నీ ఆరూ నా ఆరూ ఒకటే బాబాయ్. నడుమ మార్చింది ఎవరు? మేమా?"

"నేనా మార్చాను? నేను సూర్యుడితో మాట్లాడి వచ్చానా?"

గుల్‌బాగ్ నుంచి వచ్చిన వాళ్లలో మమాసాలి అనే ముసలాయన ఉన్నాడు. ఆయన గాడిద కూడా వచ్చింది. "రైలుకి మాస్కో టైము, ఆక్‌జార్‌కి ఆక్‌జార్ టైము, మాకు మా టైము," అన్నాడు. "నా గాడిదే నయం. దానికి ఒకటే టైము. ఆకలి." ఈసారి రెండు వైపులా కొందరు నవ్వారు. కానీ ఆ నవ్వు సగంలోనే తెగిపోయింది, ఎందుకంటే ఆక్‌జార్ వాళ్లలో ఒకడు ముందుకొచ్చి చక్రం మీద చెయ్యి వేశాడు. దించక్కా, మా ఉల్లి వాడిపోతోంది, అన్నాడు. షెర్జోద్ ఆ చేతిని పట్టుకుని పక్కకు లాగాడు. వెనక పారలు భుజాల మీంచి చేతుల్లోకి దిగాయి. ఎవరో విసిరిన రాయి ఇనుప తలుపుకు తగిలి ఖంగుమంది. ఎవరు విసిరారో తెలియదు.

మూడేళ్ల క్రితం ఇదే జూన్‌లో ఓష్ పట్నం వైపు కిర్గిజ్‌లకీ ఉజ్బెక్‌లకీ మధ్య మొదలైన నరుకులాట గురించి రెండూళ్లలోనూ ఎవరూ మాట్లాడరు. అదీ ఒక పొలం దగ్గర మాటా మాటా పెరిగే మొదలైంది. ఆ వారమంతా తొక్తోసున్ వేట తుపాకీ ఒళ్లో పెట్టుకుని, గుల్‌బాగ్‌కి దిగే దారిలో మస్తూరా వాకిట్లో కూర్చున్నాడు. పైనుంచి వచ్చిన ఒక లారీని వెనక్కి పంపించాడు. లారీలో ఉన్నవాళ్లు అతని జాతివాళ్లే, కిర్గిజ్‌లే. ఆ సంగతి షెర్జోద్‌కి తెలుసు. ఆ రోజుల్లో తొక్తోసున్‌కి టీ తెచ్చిచ్చింది అతనే.

మస్తూరా చక్రం మీది రెండు చేతులూ తీసి, ఆ ఆక్‌జార్ వాడికీ తన కొడుక్కీ మధ్య నిలబడింది.

"తప్పు నాది," అంది.

గట్టిగా అనలేదు. అయినా అందరూ విన్నారు.

ఏం జరిగిందో ఆమె వరసగా చెప్పింది. ఎత్తేటప్పుడు ఏ గడియారం చూసిందో, దించేటప్పుడు ఏది చూసిందో. గదిలోకి వెళ్లి టీ డబ్బాలోంచి చేతి గడియారం తీసుకొచ్చి, గోడ గడియారాన్ని మేకు నుంచి దించి, రెండూ తూము అరుగు మీద పక్కపక్కన పెట్టింది. మమాసాలి తాత వంగి రెండింటినీ చూశాడు. ఎవరో చూపించమని అడిగారు. ఎవరూ నవ్వలేదు.

"నువ్వా?" అన్నాడు షెర్జోద్. మూడు రాత్రులు గండి వెతికిన మనిషి.

"నేనే. పదమూడు గంటలు. ఇది పద్నాలుగోది." ఆమె తొక్తోసున్ వైపు తిరిగింది. "అవి మీ పొలాల్లోకి వెళ్లాయి. తిరిగి ఇవ్వాలి."

తొక్తోసున్ టోపీ తీసి, తల గోక్కుని, మళ్లీ పెట్టుకున్నాడు.

"నీకు ఎప్పుడు తెలిసింది?" అని అడిగింది మస్తూరా.

"దేని సంగతి?"

"నీ వంతు పొద్దున ఏడింటి దాకా సాగుతోందని. నువ్వు ఊరికే ఎనిమిది మందిని వెంటేసుకుని గోడ గడియారం పక్కనే నిలబడే మనిషివి కాదు తొక్తోసున్. ముప్పై ఏళ్లుగా నాకు తెలుసు నువ్వు."

అతను అబద్ధం చెప్పలేదు. "మొదట నాకూ తెలీదు," అన్నాడు. "పదో తారీకు దాటాక తెలిసింది. ఎవరైనా అడిగితే చెబుదామనుకున్నాను. ఎవరూ అడగలేదు."

"సిగ్గు లేదా బాబాయ్?" అన్నాడు షెర్జోద్.

"ఉంది. పోయిన వారమే వచ్చింది. నీళ్లు మాత్రం రోజూ కావాలి."

ఆక్‌జార్ వాళ్లు గొణగడం మొదలుపెట్టారు. ఇచ్చేది లేదని ఒకడు, గడియారాలు తిప్పమని మేం చెప్పామా అని ఇంకొకడు. వేరే దేశం ఆడమనిషి మాట మీద మా పంట ఎండబెట్టుకోవాలా అని మూడోవాడు అన్నాడు. ఈ చివరి మాట అన్నవాడి తమ్ముడి పెళ్లికి మస్తూరా మూడు రోజులు రొట్టెలు కాల్చింది. అతను ఆమె వైపు చూడకుండా అన్నాడు.

తొక్తోసున్ వాళ్లని చెయ్యెత్తి ఆపాడు. ఆమెను నాలుగడుగులు పక్కకు పిలిచాడు. కాలువ చప్పుడులో వాళ్ల మాటలు మిగతావాళ్లకి వినిపించవు. షెర్జోద్ మాత్రం వెంట వచ్చాడు. రావద్దని ఎవరూ అనలేదు.

"చూడు మస్తూరా," అన్నాడు. "నువ్వు చెప్పింది నిజం. ఇవ్వాల్సిందే. కానీ నేను ఇస్తానంటే వీళ్లు ఇవ్వరు. పై ఊళ్లో నా మాట ఇదివరకులా లేదు. కింది దేశం మనిషి లెక్క కట్టింది, పెద్ద తలూపాడు అంటారు. రేపు నన్నే ఈ కాలువలోకి తోస్తారు. మా మనిషి లెక్క కట్టిందంటే వేరు."

"నేను ఎప్పుడు మీ మనిషిని కాను?"

అతను నేల చూశాడు. "ఆ కాగితం మీద సంతకం పెట్టు. ఇప్పుడే. జిల్లా వాడు నా ఇంట్లోనే వదిలివెళ్లాడు. పెట్టావని చెబితే నేను వీళ్ల నోళ్లు మూయించగలను. పెట్టకపోతే మూడు రోజుల్లో వేరేవాడు వస్తాడు. ఎవరొస్తాడో నీకు తెలుసా? నాకు తెలుసు. వాడు ఈ తూము పక్కన పొలం దక్కించుకున్నాడు. వాడికి ఒకటే గడియారం ఉంటుంది."

"బెదిరిస్తున్నావా?" అన్నాడు షెర్జోద్.

"లేదురా. ఉన్నది చెబుతున్నాను."

షెర్జోద్ తల్లి మోచెయ్యి పట్టుకున్నాడు. పద ఇంటికి, అన్నాడు. తాళంచెవులు ఇక్కడే పారేసి పద. నీళ్లు మేం తెచ్చుకుంటాం. పొలం పోతే పోయింది. వచ్చే ఏడు పశువులు మేపుకుంటాం. ఏం చేస్తామో మాకు వదిలెయ్. అంత గబగబా అతను ఎప్పుడూ మాట్లాడడు. "మేం తెచ్చుకుంటాం" అంటున్నప్పుడు అతని చూపు పారల వైపు వెళ్లింది. మస్తూరా ఆ చూపును చూసింది.

"నువ్వు అటు సంతకం పెడితే," అన్నాడు మళ్లీ, ఈసారి నెమ్మదిగా, "ఇంటి పుస్తకంలో నాన్న పోయాక ఆయన పేరు మీద గీత కొట్టారు. నీ పేరు మీద కూడా గీత పడుతుంది అమ్మా. అదెలా చూడమంటావు?"

గట్టు మీద మనుషులు మళ్లీ దగ్గరకు జరిగారు. ఆక్‌జార్ వాళ్లలో ఇద్దరు ఎడమ చక్రం వైపు నడిచారు. గుల్‌బాగ్ వాళ్లలో ఒకడు వాళ్లకి అడ్డంగా నిలబడి పార కర్రను రెండు చేతులతో పట్టుకున్నాడు. కింద అడ్డకర్ర దగ్గర సైనికుడు లేచి, ఇటు చూసి, మళ్లీ కూర్చోవాలో వద్దో తెలియనట్టు కుర్చీ వీపు పట్టుకుని నిలబడ్డాడు. ఎండ కొండ మీంచి దిగి నీళ్ల మీద పడింది. జానెడు దిగిన కుడి తలుపు కింద నీళ్లు సన్నగా, గట్టిగా పారుతున్నాయి.

మస్తూరా కొడుకు చేతిలోంచి తన చెయ్యి విడిపించుకుంది. తూము దగ్గరికి తిరిగి వెళ్లి, ఎడమ చక్రం వైపు వచ్చిన ఇద్దరినీ జరగమని చేత్తో చెప్పింది. వాళ్లు జరిగారు, అలవాటు కొద్దీ. కుడి చక్రాన్ని వెనక్కి తిప్పి, దించిన జానెడూ మళ్లీ ఎత్తింది. తాళం వేసి, తాళంచెవి సంచిలో వేసుకుని ముడి బిగించింది. అరుగు మీది రెండు గడియారాలనూ అలాగే ఉంచి, చేతులు కొంగుకు తుడుచుకుంది.

"ఈ తలుపు పద్నాలుగు గంటలూ తీరేదాకా, ఇవాళ సాయంత్రం గుల్‌బాగ్‌లో ఏడయ్యేదాకా దిగదు," అంది అందరికీ వినిపించేలా. "అంటే ఆక్‌జార్‌లో ఎనిమిది. తొక్తోసున్, ఆ కాగితం తెప్పించు, సంతకం పెడతాను. షెర్జోద్, మధ్యాహ్నం నా పరుపూ, ఇంటి పుస్తకమూ తీసుకురా."